ఒడిస్సీ ఆడకముందే ఎజియో: అసాసిన్స్ క్రీడ్ గేములు ఏ వరసలో ఆడాలి

పర్లాకిమిడిలో ఉంటూ "ఒడిస్సీ ఆడుతున్నాను" అంటే ఎవరికైనా ఏటి అర్థమవుద్ది చెప్పండి. మా పెద్దమ్మకీ అదే అర్థమయింది. గుణుపురం నించి ఫోన్ చేస్తే మా అమ్మ "వీడు రాత్రి రెండింటిదాకా ఒడిస్సీ ఆడుతున్నాడే అక్కా" అని చెప్పింది, ఆవిడ కాసేపు ఆగి "ఈ వయసులో నాట్యమేటే, గజ్జెలెవరు కొన్నారు" అని అడిగిందంట. ఇప్పటికీ పెళ్ళిళ్ళలో కలిస్తే "ఏరా, అరంగేట్రం ఎప్పుడు" అంటారు అందరూ.

నవ్వుకోడానికి బానే ఉంది గానీ ఆ ఒడిస్సీతో, అంటే అసాసిన్స్ క్రీడ్ అనే వీడియో గేముల సిరీస్‌లో ఆ పేరున్న గేమ్‌తో, మొదలుపెట్టడమే నేను చేసిన పెద్ద తప్పు. కథ జరిగిన కాలం ప్రకారం అదే మొదటిది కదా, క్రీస్తు పూర్వం 431 కదా, అక్కణ్ణించి ఒక్కోటీ ముందుకొస్తే సీరియల్‌లా ఉంటుంది కదా అనుకున్నాను. తర్వాత ఆరిజిన్స్ ఆడాను, బావుంది. ఆ తర్వాత 1191 నాటి కథ అని 2007లో వచ్చిన మొదటి గేమ్ పెట్టాను, అప్పుడు తెలిసింది, బుల్లెట్ దిగి చైను ఊడిపోయే సైకిల్ ఎక్కినట్టుంది. రెండు రోజులకే ఆపేశాను, మళ్ళీ ఆ సిరీస్ ముట్టుకోడానికి ఏడాది పట్టింది.

మొన్న మా పిన్ని కొడుకు పాతపట్నం నించి వచ్చి "అన్నయ్యా, పద్నాలుగు ఉన్నాయి, ఎక్కణ్ణించి మొదలెట్టాలి" అని అడిగాడు. వాడికి ఒక పూటంతా చెప్పింది ఇక్కడ రాస్తున్నాను. మెయిన్ గేములే పద్నాలుగు, ఫోన్లవీ చిన్నచిన్నవీ కలపలేదు.

## వరస ఎంచుకునే ముందు చూసుకోవాల్సినవి

అన్నిటికంటే ముందు మీ సిస్టమ్. ఇది ఎవరూ ముందు చెప్పరు, అందరూ కథ గురించే మాట్లాడతారు, కానీ మన వైపు చాలామంది దగ్గర ఉండేది కాలేజీకి కొన్న లాప్‌టాపే. 2025లో వచ్చిన షాడోస్‌కి 115 జీబీ ఖాళీ కావాలి, అది కూడా ఎస్‌ఎస్‌డీలో, అంటే వేగంగా నడిచే కొత్తరకం డిస్క్‌లో. అదే రెండో గేమ్‌కి 8 జీబీ చాలు. ఈ తేడా చూశాక సగం మందికి వరస దానంతట అదే తేలిపోద్ది.

రెండోది, ఈనాటి కథ. ఈ సిరీస్ తెలియనివాళ్ళకి ఒక్క ముక్కలో చెప్తాను, ఏనిమస్ అని ఒక మెషిన్ ఉంటుంది, మన కాలం మనిషి అందులో పడుకుని పాతకాలం వాళ్ళ జ్ఞాపకాల్లోకి వెళ్తాడు, మనం ఆడేది ఆ జ్ఞాపకం. అంటే ప్రతి గేమ్‌లో రెండు కథలు. లోపలి కథ ఈజిప్టు కావచ్చు, ఇటలీ కావచ్చు, ముందువెనకలు ఎలా ఆడినా కొంతవరకు నడుస్తుంది. బయటి కథ మాత్రం గేములు రిలీజయిన వరసలోనే నడుస్తుంది. మొదటి గేమ్ నించి 3 దాకా డెస్మండ్ అనే కుర్రాడిది, ఆరిజిన్స్ నించి వల్హల్లా దాకా లేలా అనే అమ్మాయిది. మధ్యలోవాటిల్లో పెద్దగా ఏమీ ఉండదు.

మూడోది, చేతి అలవాటు. కొత్త గేమ్ నించి పాతదానికి వెళ్ళడం కష్టం, పాతదాన్నించి కొత్తదానికి వెళ్ళడం హాయి. ఆరిజిన్స్‌తో ఫైటింగ్ మొత్తం మార్చేశారు, లెవెల్స్ పెట్టారు, మీది తక్కువ లెవెల్ అయితే దొంగచాటుగా వెనకనించి పొడిచినా పెద్ద లెవెల్ వాడు చావకపోవచ్చు. అంతకుముందు గేముల్లో ఆ గొడవే లేదు, కత్తి దిగితే దిగినట్టే.

నాలుగోది కరెంటు. నవ్వకండి. పాతవాటిల్లో సేవ్ చేయడం మన చేతిలో లేదు, గేమ్ ఎప్పుడు చేస్తే అప్పుడే. ఆరిజిన్స్ నించి మెనూలోకి వెళ్ళి మనమే సేవ్ చేసుకోవచ్చు. ఒడిస్సీ రిలీజయింది 2018 అక్టోబర్ 5న, నాకున్న నెట్‌కి 46 జీబీ దిగడానికి రోజులు పట్టుద్దని తెలిసే మొదలెట్టాను, సగం దిగాక 11న తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటింది, మా గజపతి జిల్లా ఎలా అయిందో ఇక్కడివాళ్ళకి చెప్పక్కర్లేదు. మళ్ళీ లాప్‌టాప్ తెరిచేసరికి గేమ్ సంగతే మర్చిపోయాను. తుఫాను లేని రోజు కూడా సాయంత్రం గాలివాన వస్తే కరెంటు ఉంటుందన్న నమ్మకం లేదు, యూపీఎస్ లేకుండా డెస్క్‌టాప్ మీద ఆడేవాళ్ళు ఈ మాట గుర్తుపెట్టుకోండి.

ఇంకోటి ఇంగ్లీషు. తెలుగు సబ్‌టైటిల్స్ ఏ దాంట్లోనూ లేవు, ఒడియా కూడా లేవు. మొదటి గేమ్‌లో అయితే ఇంగ్లీషు సబ్‌టైటిల్సే లేవు, చెవి పెట్టి వినాల్సిందే. నాలాగ తెలుగు ఇంట్లో పుట్టి ఒడియా బడిలో చదివి ఇంగ్లీషు అక్షరాల్లో చూస్తే తప్ప ఎక్కనివాడికి అది చిన్న విషయం కాదు.

## మొత్తం గేములు ఒకచోట

| గేమ్ | రిలీజ్ | కథ కాలం | ఎక్కడ | హీరో |
|---|---|---|---|---|
| అసాసిన్స్ క్రీడ్ | 2007 | 1191 | జెరూసలేం, డమాస్కస్, ఏకర్ | ఆల్తాయిర్ |
| 2 | 2009 | 1476 నించి | ఫ్లోరెన్స్, వెనిస్ | ఎజియో |
| బ్రదర్‌హుడ్ | 2010 | 1500 అటూఇటూ | రోమ్ | ఎజియో |
| రెవెలేషన్స్ | 2011 | 1511 | కాన్‌స్టాంటినోపుల్ (ఇప్పటి ఇస్తాంబుల్) | ఎజియో |
| 3 | 2012 | అమెరికా స్వాతంత్ర్య యుద్ధం | బోస్టన్, న్యూయార్క్ | కానర్ |
| బ్లాక్ ఫ్లాగ్ | 2013 | 1715 నించి | కరీబియన్ సముద్రం | ఎడ్వర్డ్ |
| రోగ్ | 2014 | 1750లు | ఉత్తర అట్లాంటిక్ | షే |
| యూనిటీ | 2014 | ఫ్రెంచి విప్లవం | పారిస్ | ఆర్నో |
| సిండికేట్ | 2015 | 1868 | లండన్ | జేకబ్, ఈవీ |
| ఆరిజిన్స్ | 2017 | క్రీ.పూ. 49 నించి | ఈజిప్టు | బాయెక్ |
| ఒడిస్సీ | 2018 | క్రీ.పూ. 431 | గ్రీసు | కసాండ్రా లేదా అలెక్సియోస్ |
| వల్హల్లా | 2020 | 873 | ఇంగ్లాండ్ | ఏవోర్ |
| మిరాజ్ | 2023 | 861 | బాగ్దాద్ | బాసిమ్ |
| షాడోస్ | 2025 | 1579 | జపాన్ | నావోయే, యాసుకే |

## మొదటి దారి: రిలీజయిన వరస

2007 నించి మొదలెట్టి 2025 దాకా. బయటి కథ అతుకుల్లేకుండా వస్తుంది, కంట్రోల్స్ ఒక్కో గేమ్‌కి కొంచెం కొంచెం మెరుగవుతాయి, ఏ మలుపూ ముందే తెలిసిపోదు. తయారుచేసినవాళ్ళు మనకి చెప్పాలనుకున్న వరస ఇదే కదా.

అడ్డం ఒక్కటే, అది మొదటి గేమే. తొమ్మిది మందిని చంపాలి, ఒక్కొక్కడికీ ముందు అదే తంతు, ఒకడి జేబు కొట్టు, ఇద్దరి మాటలు చాటుగా విను, ఒకణ్ణి పట్టుకుని కొట్టి నిజం చెప్పించు, అప్పుడు చంపు, మళ్ళీ గుర్రం ఎక్కి వెనక్కి రా. మూడోవాడికి వచ్చేసరికి ఆఫీసులో సంతకాల కోసం తిరుగుతున్నట్టు అనిపిస్తుంది. ఇంకో తమాషా, ఆల్తాయిర్‌కి ఈత రాదు. మేడల మీంచి గడ్డివాములోకి దూకే మనిషి నీళ్ళలో కాలుజారితే చచ్చిపోతాడు. మా మహేంద్రతనయలో ఏడేళ్ళ గుంటలు ఈదేస్తుంటే వీడికేటి రోగం అని మా తమ్ముడి ఒకటే గోల.

అలాగని చెడ్డ గేమ్ అనను. ఊళ్ళ కట్టడం, ఆ దుమ్ము రంగు, చంపాక చనిపోయేవాడితో మాట్లాడే సీన్లు, అవి తర్వాతవాటిల్లో కూడా అంత బాగా రాలేదు. పాత గేములు ఆడే ఓపిక ఉన్నవాళ్ళు, 2010కి ముందు కంప్యూటర్ గేములు ఆడి పెరిగినవాళ్ళు తప్పకుండా ఇక్కణ్ణించే మొదలెట్టండి. మిగతావాళ్ళు కథ ఎక్కడైనా చదువుకుని 2 నించి మొదలెట్టండి, పాపమేమీ లేదు.

## రెండో దారి: కథ జరిగిన కాలం వరస

ఒడిస్సీ, ఆరిజిన్స్, మిరాజ్, వల్హల్లా, మొదటిది, 2, బ్రదర్‌హుడ్, రెవెలేషన్స్, షాడోస్, బ్లాక్ ఫ్లాగ్, రోగ్, 3, యూనిటీ, సిండికేట్. కాగితం మీద చూస్తే ఎంత ముచ్చటగా ఉందో. నేను పడింది ఈ గోతిలోనే కాబట్టి కాస్త ఎక్కువ రాస్తాను.

మొదటి సంగతి, సిరీస్‌లో ఇంకా ఏమీ తెలియనివాడి నెత్తిన అన్నిటికంటే పెద్దవాటిల్లో ఒకటి పడుద్ది. ఒడిస్సీ నాకు తొంభై గంటలు పట్టింది, అందులో దీవులు చూస్తూ ఓడలో తిరిగింది చాలా ఉందనుకోండి, అయినా కథ మాత్రమే ఆడినా నలభై గంటలు దాటుద్ది. ఉద్యోగం చేసుకుంటూ రోజుకో గంట ఆడేవాడికి అది ఎన్ని నెలలో లెక్కేసుకోండి. పైగా అందులో హంతకుల సంఘం అనేదే ఇంకా పుట్టలేదు, అది ఎలా పుట్టిందో చెప్పేది ఆరిజిన్స్. అంటే గేమ్ పేరులో ఉన్న అసాసిన్ అనేవాడే లేని గేమ్‌తో మొదలెడుతున్నాం.

రెండు, లేలా కథ తలకిందులవుద్ది. ఒడిస్సీలో ఆ అమ్మాయి ముందే పరిచయం ఉన్న మనిషిలా వచ్చేస్తుంది, ఎవరీవిడ, తను పనిచేసిన కంపెనీ మీద ఎందుకంత కోపం అన్నది ఆరిజిన్స్ ఆడితే గానీ తెలీదు. అలాగే మిరాజ్‌లో హీరో బాసిమ్ వల్హల్లాలో కూడా ఉన్నాడు, వల్హల్లాలో అతని గురించి నెమ్మదిగా బయటపడే విషయం ఒకటుంది, మిరాజ్ ముందు ఆడితే దాని పస సగం పోద్ది.

మూడు, అమెరికా గొడవ. 3 మొదట్లోనే కథలో ఒక దెబ్బ కొడతారు, నేను ఇక్కడ చెప్పను, అది తెలియకుండా ఆడాల్సిందే. కాలం వరస ప్రకారం అయితే దానికి ముందు రోగ్ ఆడతారు, అందులో ఆ సంగతి మామూలు విషయంలా కళ్ళెదురుగానే ఉంటుంది. అంతే, పోయింది.

మరి ఈ వరస ఎవరికి పనికొస్తుంది అంటే, అన్నీ ఒకసారి ఆడేసినవాళ్ళకి. రెండోసారి ఆడినప్పుడు ఇది నిజంగా బావుంటుంది, ఈజిప్టులో మొదలైన హంతకుల సంఘం గుర్తు ఇటలీలో ఎలా మారిందో, ఆ వేలు కోసుకునే ఆచారం ఎక్కడ మొదలైందో ఎక్కడ ఆగిపోయిందో అన్నీ వరసగా కనిపిస్తాయి.

## మూడో దారి: కట్టలు కట్టి ఆడటం

నేను చివరికి స్థిరపడింది దీని దగ్గరే. పద్నాలుగునీ ఒక గొలుసు అనుకోకుండా నాలుగు కట్టలు అనుకోండి, ఒక కట్ట విప్పితే అది పూర్తయ్యేదాకా వేరేది ముట్టుకోవద్దు, కట్టకీ కట్టకీ మధ్య ఎంత గ్యాప్ అయినా తీసుకోండి.

ఎజియో కట్ట: 2, బ్రదర్‌హుడ్, రెవెలేషన్స్. ఒక మనిషి పుట్టిన క్షణం నించి తల నెరిసేదాకా మనమే ఆడతాం, ఇలాంటిది ఈ సిరీస్‌లో మళ్ళీ రాలేదు, రాదు కూడా అనుకుంటాను. మొదట్లో అమ్మాయిల కిటికీలెక్కే ఆకతాయి, ఇంట్లో ఘోరం జరిగాక పగతో తిరిగేవాడు, ఆఖరికి ఇస్తాంబుల్ వీధుల్లో పుస్తకాలు వెతుక్కునే పెద్దాయన. రెవెలేషన్స్‌లో ఆల్తాయిర్ ముసలితనం కూడా చూపిస్తారు కాబట్టి మొదటి గేమ్ ఆడనివాళ్ళకి కూడా అతని కథ చాలావరకు అందుతుంది. పాత లాప్‌టాప్ ఉన్నవాళ్ళకి ఇదే దిక్కు, ఇదే అదృష్టం కూడా. ప్లేస్టేషన్ 4, ఎక్స్‌బాక్స్ వన్ ఉన్నవాళ్ళకి 2016లో మూడూ కలిపి ఎజియో కలెక్షన్ అని వచ్చింది, నింటెండో స్విచ్‌కి 2022లో వచ్చింది, పీసీకి మాత్రం ఆ కట్ట రాలేదు, విడివిడిగా కొనుక్కోవాలి.

సముద్రం కట్ట: 3, బ్లాక్ ఫ్లాగ్, రోగ్, ఇదే వరసలో. 3 మొదలు చాలా నెమ్మది, కొన్ని గంటలపాటు అసలు హీరో చేతికే రాడు, చాలామంది అక్కడే వదిలేస్తారు, ఓర్చుకోండి, పైన చెప్పిన దెబ్బ కోసమే ఆ నెమ్మది. డెస్మండ్ కథ కూడా ఇందులోనే ముగుస్తుంది. బ్లాక్ ఫ్లాగ్ గురించి ఏం చెప్పాలి, మొత్తం సిరీస్‌లో నాకు ఇష్టమైనది అదే, మా ఊరికి సముద్రం దగ్గరే గానీ ఓడ ఎక్కిన మొహాలు కావు మావి, జాక్‌డా అనే ఆ ఓడ మీద నావికులు పాటలు అందుకుంటే రాత్రి పూట ఎక్కడికీ వెళ్ళే పని లేకపోయినా ఊరికే తిప్పుతూ కూర్చునేవాణ్ణి. రోగ్ చిన్నది, హంతకుల సంఘం వదిలి వాళ్ళ శత్రువులైన టెంప్లర్ల పక్షంలో చేరినవాడి కథ, దాని ముగింపు సరిగ్గా యూనిటీ మొదలయ్యే చోటికి తెచ్చి వదులుతుంది.

నగరాల కట్ట: యూనిటీ, సిండికేట్. యూనిటీ 2014లో వచ్చినప్పుడు మొహాల్లేని మనుషులు, నేలలోంచి పడిపోవడం, అన్నీ బగ్గులే, ఊరంతా నవ్వింది. తర్వాత చాలా సరిచేశారు. 2019లో నోత్రదామ్ చర్చి కాలిపోయినప్పుడు వారం రోజులు పీసీలో ఫ్రీగా ఇచ్చారు, నా దగ్గరున్నది అదే కాపీ. మేడలెక్కడం, దిగడం దీనంత అందంగా ఇంకెందులోనూ లేదు. సిండికేట్ సరదాగా పోతుంది, తాడు విసిరి మేడకి ఎగబాకే యంత్రం ఒకటి ఇస్తారు, దాంతో ఎక్కడంలో ఉన్న మజానే పోయింది అని నా అభిప్రాయం, మా తమ్ముడు ఒప్పుకోడు. టైమ్ లేనివాళ్ళు ఈ కట్ట మొత్తం దాటేసినా కథకి వచ్చిన నష్టం లేదు.

పెద్ద కట్ట: ఆరిజిన్స్, ఒడిస్సీ, వల్హల్లా, దాని వెనక మిరాజ్. ఇవి నిజానికి వేరే గేములు అనుకోవాలి. ఆరిజిన్స్‌లో బాయెక్ కొడుకుని పోగొట్టుకున్న తండ్రి, ఆ దుఃఖం గేమ్ అంతా ఉంటుంది, అందుకే అది పెద్దదైనా బరువనిపించదు. వల్హల్లా మాత్రం బరువే, నాకు వంద గంటలు దాటింది, ఒక్కో ఊరికీ ఒక్కో కథ, సగంలో ఎవరు ఎవరో మర్చిపోయాను. దాని తర్వాత మిరాజ్ ఆడితే విందు భోజనం తర్వాత మజ్జిగ తాగినట్టుంటుంది, పదిహేను ఇరవై గంటల్లో అయిపోద్ది, మళ్ళీ పాత పద్ధతిలో నక్కి నక్కి చంపడం.

షాడోస్ ఏ కట్టలోనూ పెట్టలేదు, దానికి ముందువెనకలు పెద్దగా అక్కర్లేదు. సిస్టమ్ ఉంటే ఎప్పుడైనా ఆడుకోండి.

కట్టల దారిలో నష్టం లేదా అంటే ఉంది. కట్టల మధ్య నెలలు గడిస్తే బయటి కథలో ఎవరేమన్నారో గుర్తుండదు. నేను ఆ భాగం కథ చదువుకుని మళ్ళీ మొదలెడతాను, అంతకంటే దారి లేదు.

## నాలుగో దారి: నచ్చినది ఒక్కటే

పద్నాలుగు ఆడాలని ఎవరూ ప్రమాణం చేయలేదు కదా. పెళ్ళయి పిల్లలున్న మా బావగారు రాయగడలో ఉంటారు, ఆదివారం రెండు గంటలు దొరికితే ఎక్కువ, ఆయనకి బ్లాక్ ఫ్లాగ్ ఒక్కటే ఇచ్చాను, ఏడాదిన్నర ఆడాడు, హాయిగా ఉన్నాడు. చరిత్ర ఇష్టమైతే ఆరిజిన్స్ ఇవ్వండి, దాంట్లో, ఒడిస్సీలో, వల్హల్లాలో డిస్కవరీ టూర్ అని ఉంటుంది, కొట్లాట లేకుండా పిరమిడ్ల మధ్య తిరుగుతూ చరిత్ర వినొచ్చు, ఇంట్లో బడికెళ్ళే పిల్లలు ఉంటే వాళ్ళకి చూపించదగింది అదొక్కటే, మిగతావన్నీ రక్తాలూ కత్తిపోట్లే, పెద్దవాళ్ళ గేములు.

మన దేశం కావాలి అంటే 2016లో క్రానికల్స్ ఇండియా అని చిన్న గేమ్ వచ్చింది, 1841 నాటి సిక్కు రాజ్యం, పక్కనించి చూస్తూ ఆడేది, మెయిన్ గేముల పద్ధతి కాదు. రెండు సాయంత్రాల పని. బొమ్మలు బావుంటాయి, అంతకుమించి ఆశ పెట్టుకోకండి.

ఈ దారిలో ఒక్కటే జాగ్రత్త. పెద్ద కట్టలోది రుచి చూశాక ఎజియో దగ్గరికి వెళ్తే నాకయినట్టే అవుద్ది. ఎప్పటికైనా పాతవి ఆడే ఆలోచన ఉంటే అవే ముందు.

## ఎవరికి ఏది

గ్రాఫిక్ కార్డ్ లేని లాప్‌టాప్, జేబులో డబ్బులు తక్కువ: ఎజియో కట్ట, సేల్‌లో పెట్టినప్పుడు కొనండి, ఏడాదికి చాలాసార్లు పెడతారు. కొన్ని పాత గేముల్లో ఆన్‌లైన్‌లో పదిమందితో ఆడే భాగాన్ని 2022లో మూసేశారు, దాని కోసం మాత్రం కొనకండి.

ఒక మాదిరి గ్రాఫిక్ కార్డ్, జీటీఎక్స్ 1060 లాంటిది ఉంది: 2 నించి మొదలెట్టి మిరాజ్ దాకా కట్టల వరసలో రండి. తొందరేమీ లేదు.

కథే ప్రాణం అనేవాళ్ళు: మొదటి గేమ్ ఒక వారం ఓర్చుకోండి, తర్వాత రిలీజ్ వరస.

కొట్లాట కంటే నక్కి చంపడమే ఇష్టం, కొత్త గేములే కావాలి: మిరాజ్‌తో మొదలెట్టొచ్చు, వల్హల్లాలో ఆ ఒక్క విషయం ముందే తెలిసిపోవడానికి సిద్ధపడి.

కరెంటు నమ్మకం లేని ఊళ్ళో డెస్క్‌టాప్: ఏ కట్టయినా పర్లేదు గానీ పాతవాటిల్లో ఒక మిషన్ మొదలెట్టేముందు ఆకాశం వైపు చూడండి. మహేంద్రగిరి మీద మబ్బు నల్లగా ఉంటే ఆరోజుకి వద్దు.

మా తమ్ముడు ఇదంతా విని తలూపి, పాతపట్నం వెళ్ళిపోయి, వల్హల్లా డౌన్‌లోడ్ పెట్టాడు. గొడ్డలి బావుందంట.